కౌన్సెలింగ్ ముగిసేలోపు ఏ గడప ఎక్కాలి? అడ్మిషన్ అర్హత వివాదాల్లో మార్గాల పోలిక

ఇంజినీరింగ్, ఎంబీబీఎస్ కౌన్సెలింగులు మొదలైన వారం పది రోజులకు విజయవాడ, గుంటూరుల్లో న్యాయవాదుల ఆఫీసులకు ఒకే రకం మనుషులు రావడం మొదలవుతుంది. ర్యాంకు వచ్చింది, మార్కులు సరిపోయాయి, కానీ సర్టిఫికెట్ల పరిశీలనలో పిల్లవాణ్ని నాన్‌లోకల్ చేశారనో, కుల ధ్రువీకరణ పత్రం చెల్లదన్నారనో, ఇంటర్ చదివిన బోర్డుకు గుర్తింపు లేదన్నారనో తండ్రి ఒక ప్లాస్టిక్ ఫోల్డరు పట్టుకుని వస్తాడు. ఆయన నోట వచ్చే మొదటి మాట దాదాపు ఎప్పుడూ ఒకటే: హైకోర్టులో వేసేద్దామా అని. నేను న్యాయవాదిని కాను. ఒక కళాశాల అడ్మిషన్ల విభాగంలో చాలా ఏళ్లు బల్లకు అవతలి వైపు కూర్చున్నవాణ్ని. అక్కణ్నుంచి చూసిన మీదట నాకు అర్థమైనది ఏమిటంటే, కోర్టుకు వెళ్లాలా వద్దా అన్నది రెండో ప్రశ్న కావాలి. మనకు వచ్చిన తిరస్కరణ ఏ జాతిది అన్నది మొదటి ప్రశ్న. జాతి తెలియకుండా మార్గం ఎంచుకున్నవాళ్లు డబ్బు కంటే ఎక్కువగా రోజులు పోగొట్టుకున్నారు, కౌన్సెలింగులో రోజుకు ఉన్న విలువ డబ్బుకు లేదు.

తిరస్కరణలు మూడు రకాలు. మొదటిది వాస్తవంలో పొరపాటు: పత్రం ఉంది కానీ అప్‌లోడ్ కాలేదు, పేరులో అక్షరం తేడా ఉంది, ఏడేళ్ల స్టడీ సర్టిఫికెట్లలో ఒకటి తగ్గింది. రెండోది అన్వయంలో తప్పు: పత్రాలన్నీ ఉన్నాయి, నిబంధన కూడా మనకు అనుకూలంగానే ఉంది, కానీ పరిశీలించిన అధికారి దాన్ని మరోలా చదివాడు. మూడోది నిబంధనతోనే తగాదా: అధికారి సరిగ్గానే చదివాడు, ఆ నిబంధన ప్రకారం మనకు సీటు రాదు, అందుకని నిబంధనే అన్యాయమని మన వాదన. మొదటి రకానికి సర్టిఫికెట్లు పరిశీలించే హెల్ప్‌లైన్ సెంటరు, రెండో రకానికి కౌన్సెలింగ్ నడిపే అధికారి అయిన కన్వీనరు, తర్వాత హైకోర్టు అనుకోవచ్చు. మూడో రకానికి హైకోర్టు తప్ప దారి లేదు, ఆ దారిలో గెలిచేవాళ్లు చాలా తక్కువ.

లోకల్, నాన్‌లోకల్ తగాదాను తీసుకుంటే ఈ తేడా బాగా తెలుస్తుంది, ఎందుకంటే మన ప్రాంతంలో వచ్చే వివాదాల్లో అందరి నోళ్లలో నానేది ఇదే. రాజ్యాంగంలోని 371-డి అధికరణ కింద 1974లో వచ్చిన రాష్ట్రపతి ఉత్తర్వు 85 శాతం సీట్లను స్థానిక అభ్యర్థులకు కేటాయించింది. 1972-73 నాటి జై ఆంధ్ర ఉద్యమం, దాని తర్వాత వచ్చిన ఆరు సూత్రాల పథకం ఈ ఏర్పాటుకు మూలం. ఆ ఉద్యమంలో విజయవాడ, గుంటూరు వీధులు ఎలా ఉడికిపోయాయో పాతతరం వాళ్లకు గుర్తుండే ఉంటుంది. శ్రీకాకుళం నుంచి ప్రకాశం వరకు ఉన్న పాత జిల్లాలు ఆంధ్రా యూనివర్సిటీ ప్రాంతం. నెల్లూరు, చిత్తూరు, కడప, అనంతపురం, కర్నూలు శ్రీ వేంకటేశ్వర యూనివర్సిటీ ప్రాంతం. అర్హత పరీక్షకు మొదటిసారి కూర్చున్న విద్యా సంవత్సరంతో ముగిసేలా వరుసగా నాలుగేళ్లు ఏ ప్రాంతంలో చదివితే విద్యార్థి ఆ ప్రాంతానికి లోకల్. ఆ నాలుగేళ్లు ఒకే ప్రాంతంలో లేకపోతే, రాష్ట్రంలో వరుసగా చదివిన చివరి ఏడేళ్లను లెక్కకు తీసుకుని, ఎక్కువ కాలం ఎక్కడ చదివితే అక్కడ లోకల్ అంటారు. సమానంగా ఉంటే చివరిగా చదివిన చోటు.

సొంతూరు ఏది, తాతల ఇల్లు ఎక్కడ, ఓటు ఎక్కడ ఉంది అన్నవాటికి ఇందులో చోటు లేదు. బడికి వెళ్లిన పిల్లల విషయంలో చూసేది చదువును మాత్రమే. చదువు మధ్యలో ఆగినప్పుడే నివాసం లెక్కలోకి వస్తుంది. అనంతపురం పిల్లవాడు తొమ్మిదో తరగతి నుంచి ఇంటర్ దాకా విజయవాడ హాస్టల్లో ఉండి చదివితే అతడు ఆంధ్రా ప్రాంతానికి లోకల్ అవుతాడు, ఇంటిదగ్గర తిరుపతిలో నాన్‌లోకల్ అవుతాడు. తల్లిదండ్రులు దీన్ని అన్యాయం అంటారు, కానీ అది అన్యాయం కాదు, నిబంధన ప్రకారం జరిగినదే. ఇప్పుడు గుంటూరు అమ్మాయి సంగతి చూడండి: ఆరు, ఏడు, ఎనిమిది గుంటూరులో, తొమ్మిది, పది తిరుపతిలో, ఇంటర్ మళ్లీ గుంటూరులో చదివింది. నాలుగేళ్ల లెక్కలో ఆమె ఎక్కడా లోకల్ కాదు. ఏడేళ్ల లెక్కలో ఐదేళ్లు ఆంధ్రా ప్రాంతం, రెండేళ్లు ఎస్వీయూ ప్రాంతం కాబట్టి ఆంధ్రా ప్రాంతానికి లోకల్. ఆమె తొమ్మిది నుంచి మాత్రమే స్టడీ సర్టిఫికెట్లు పెట్టి నాన్‌లోకల్ అయిందంటే అది మొదటి రకం తగాదా. ఆరు నుంచి ఎనిమిది దాకా చదివిన బడికి వెళ్లి మిగిలిన కాగితం తెచ్చి చూపిస్తే తీరిపోతుంది. ఏడేళ్ల సర్టిఫికెట్లూ పెట్టినా నాలుగేళ్లే లెక్కేశారంటే అది రెండో రకం, అప్పుడు పట్టుబట్టాలి.

హైదరాబాద్ తో ముడిపడిన తగాదాలు వేరు. 2014 నాటి పునర్విభజన చట్టంలోని 95వ సెక్షన్ రెండు రాష్ట్రాల్లోనూ ఉన్న కోటాలను పదేళ్లపాటు కొనసాగించింది. ఆ గడువు 2024 జూన్ 2తో ముగిసింది. ఆ తర్వాత ఏ రాష్ట్రంలో ఎవరు లోకల్ అన్నది ఆయా ప్రభుత్వాల ఉత్తర్వుల మీద, ఆ ఏటి నోటిఫికేషన్ మీద ఆధారపడి ఉంది కాబట్టి, పక్కింటి అక్క కొడుక్కి 2022లో సీటు ఎలా వచ్చిందో చెప్పి లాభం లేదు. తెలంగాణ ప్రభుత్వం 2024లో మెడికల్ అడ్మిషన్ల నిబంధన మార్చి, అర్హత పరీక్షకు ముందు వరుసగా నాలుగేళ్లు తెలంగాణలో చదివినవాళ్లే లోకల్ అంది. అక్కడి హైకోర్టు విద్యార్థులకు ఊరటనిచ్చినా, 2025 సెప్టెంబరు 1న సుప్రీంకోర్టు ప్రభుత్వ నిబంధననే నిలబెట్టింది. హైదరాబాద్ నుంచి పిల్లల్ని ఇంటర్ కోసం విజయవాడ, గుంటూరు కాలేజీలకు పంపే కుటుంబాలకు ఇది నేరుగా తగులుతుంది: ఆ రెండేళ్లు ఇక్కడ గడిపినందుకు అక్కడ లోకల్ హోదా పోవచ్చు. ఇది మూడో రకం తగాదా, సుప్రీంకోర్టులో ఒకసారి తేలిపోయినది. ఇదే వాదనతో మళ్లీ కేసు వేయిస్తానని ఎవరైనా అంటే, ఏ కొత్త విషయం మీద అని అడగాలి.

వయసు కూడా ఇలాంటిదే. ఎంబీబీఎస్‌కు అడ్మిషన్ ఏడాది డిసెంబరు 31 నాటికి 17 ఏళ్లు నిండాలి. జనవరిలో పుట్టిన పిల్ల నాలుగు రోజులు తగ్గిందని ఎంత ఏడ్చినా కోర్టు ఆ తేదీని జరపదు. అటువంటి కేసుకు పెట్టే ఖర్చు కోచింగ్ ఫీజుకు పెట్టుకోవడం మేలు.

హెల్ప్‌లైన్ సెంటరా, కన్వీనరా

ఇంజినీరింగ్ సీట్ల ఎప్‌సెట్ (ఈఏపీసెట్) కౌన్సెలింగులో ఇప్పుడు సర్టిఫికెట్ల పరిశీలన చాలామందికి ఆన్‌లైన్‌లోనే అయిపోతుంది. తేడా వచ్చినవాళ్లు మాత్రమే విజయవాడ ప్రభుత్వ పాలిటెక్నిక్, గుంటూరు నల్లపాడు పాలిటెక్నిక్ వంటి సెంటర్లకు వెళ్లాల్సి వస్తుంది. అక్కడ కూర్చున్న లెక్చరరుకు ఉన్న అధికారం చాలా చిన్నది. కాగితం చూసి, ఉంటే ఉందని, లేకపోతే లేదని నమోదు చేయడం వరకే. ఆయనతో గంట వాదించి, గొంతు పెంచి, చివరికి ఉత్త చేతులతో ఇంటికి వచ్చినవాళ్లను ఎందరినో చూశాను. మొదటి రకం తగాదా అయితే ఆ సెంటరే సరైన చోటు, ఆ పూటే తేలిపోతుంది. రెండో రకం అయితే అక్కడ గొడవపడొద్దు. తిరస్కరణను కాగితం మీదో, కనీసం పోర్టల్లో కనబడే మాట రూపంలోనో తీసుకుని, స్క్రీన్‌షాట్ దాచుకుని, అదే రోజు కన్వీనరుకు వినతిపత్రం పెట్టాలి. ఎంబీబీఎస్, బీడీఎస్ అయితే విజయవాడలోనే ఉన్న డాక్టర్ ఎన్టీఆర్ ఆరోగ్య విశ్వవిద్యాలయానికి పెట్టుకోవాలి. రాష్ట్రంలో మిగిలిన జిల్లాలవాళ్లు రాత్రి బస్సెక్కి రావాల్సిన చోటు మనకు సిటీ బస్సు దూరంలో ఉండడం ఒక సౌకర్యం, దాన్ని వాడుకోవాలి.

వినతిపత్రం రాయడంలో మనవాళ్లు చేసే పెద్ద తప్పు కష్టాలు రాయడం. తండ్రి ఆటో నడుపుతాడు, తల్లికి ఆరోగ్యం బాగా లేదు, పిల్ల రాత్రింబవళ్లు చదివింది అని రెండు పేజీలు రాస్తారు. ఏ నిబంధన ఎలా తప్పుగా చదివారో ఒక్క వాక్యం ఉండదు. వినతి ఒక పేజీ దాటకూడదు. హాల్‌టికెట్ నంబరు, ర్యాంకు, తిరస్కరణ తేదీ, నోటిఫికేషన్‌లో సంబంధిత నిబంధన, దానికి సరిపోయే పత్రాల జాబితా, కావలసిన ఫలితం ఉంటే చాలు. ఆఫీసులో ఉత్తరాలు తీసుకునే ఇన్‌వార్డులో ఇచ్చి స్టాంపు వేయించుకోవాలి, అదే కాపీని ఈమెయిల్ చేయాలి, వీలైతే రిజిస్టర్డ్ పోస్టులో కూడా పంపాలి. ఈ మూడు రసీదులు రేపు హైకోర్టుకు వెళ్తే మన చేతిలో ఉండే మొదటి ఆయుధాలు. వినతి పెట్టకుండా నేరుగా కోర్టుకు వెళ్తే, ముందు అధికారులను అడిగారా అన్న ప్రశ్న తప్పదు.

కుల ధ్రువీకరణ తగాదాలకు మాత్రం దారి వేరు. పత్రం ఇచ్చేదీ, దాని మీద సందేహం వస్తే తేల్చేదీ రెవెన్యూ యంత్రాంగం. 1993 నాటి కుల ధ్రువీకరణ చట్టం కింద అప్పీళ్లు, పరిశీలన కమిటీలు ఉన్నాయి. కౌన్సెలింగ్ అధికారికి కులం తేల్చే అధికారం లేదు. కాబట్టి పత్రం తీరులో లోపం ఉందన్నప్పుడు గ్రామ, వార్డు సచివాలయం, తహసీల్దారు దగ్గరికి వెళ్లి కొత్త పత్రం తెచ్చుకోవడం కోర్టు కంటే వేగంగా అవుతుంది. ఇంకో సంగతి కూడా చెప్పాలి: మన రాష్ట్ర కౌన్సెలింగుకు పనికొచ్చే బీసీ పత్రం, జేఈఈకి, నీట్ ఆలిండియా కోటాకు కావలసిన కేంద్ర ఓబీసీ నాన్ క్రీమీలేయర్ పత్రం ఒకటి కాదు, ఆర్థికంగా వెనుకబడిన వర్గాల (ఈడబ్ల్యూఎస్) పత్రం ఆ ఆర్థిక సంవత్సరానిదే కావాలి. నిరుటి ఈడబ్ల్యూఎస్ పత్రం పెట్టి సీటు పోయిందని వచ్చేవాళ్లది చాలా చిన్న తప్పు, కానీ పెద్ద నష్టం.

అయితే పత్రం ఆలస్యమైతే అర్హతే పోతుందా? 2004లో ఒడిశా మెడికల్ సీటు కేసులో సుప్రీంకోర్టు చెప్పిన మాట ఇక్కడ పనికొస్తుంది. మాజీ సైనికుల పిల్లల కోటాలో ఒక అమ్మాయికి సంబంధిత బోర్డు పొరపాటుగా పత్రం ఇచ్చింది, తర్వాత సరిదిద్దింది. గడువు నాటికి అర్హత ఉండి తీరాలి గానీ, ఆ అర్హతకు రుజువు చూపించడంలో కొంత సడలింపు ఉండవచ్చు, రుజువుకు సంబంధించిన ప్రతి ఉల్లంఘనకూ దరఖాస్తు తోసిపుచ్చనక్కరలేదు అని కోర్టు అంది. మన తగాదాలో ఈ గీతకు ఏ వైపు ఉన్నామో చూసుకోవాలి. గడువు తర్వాత పుట్టిన అర్హత వేరు, గడువుకు ముందే ఉన్న అర్హతకు గడువు తర్వాత వచ్చిన కాగితం వేరు.

హైకోర్టు రిట్: ఎప్పుడు విలువైనది, ఎప్పుడు వృథా

2019 జనవరి 1న మన రాష్ట్ర హైకోర్టు వేరుగా ఏర్పడ్డాక, అది ఉన్న నేలపాడు మనకు పొరుగూరయింది. విజయవాడ నుంచి ప్రకాశం బ్యారేజి దాటితే, గుంటూరు నుంచి మంగళగిరి మీదుగా వెళ్తే, ఒక పూట పని. దగ్గరగా ఉందన్న ధైర్యంతో వేసిన కేసులు కూడా ఉన్నాయని నా అనుమానం.

రిట్ అంటే అధికారుల నిర్ణయాన్ని సవాలు చేస్తూ నేరుగా హైకోర్టులో వేసే పిటిషన్. దాని బలం ఒక్క మాటలో చెప్పాలంటే మధ్యంతర ఉత్తర్వు, అంటే తుది తీర్పుకు ముందే వచ్చే తాత్కాలిక ఆదేశం. కౌన్సెలింగు రేపు ముగుస్తుందన్నప్పుడు, ఉదయం ప్రస్తావించి భోజన విరామం తర్వాత విచారణకు తెచ్చుకునే లంచ్ మోషన్ పద్ధతి ఉంది. ఒక సీటు ఖాళీగా ఉంచమనో, తుది తీర్పుకు లోబడి విద్యార్థిని కౌన్సెలింగులో పాల్గొననివ్వమనో ఉత్తర్వు వస్తే చాలు, సీటు చేజారకుండా ఉంటుంది. మరే మార్గానికీ ఈ శక్తి లేదు. కానీ ఆ ఉత్తర్వు ఇవ్వాలంటే మన కాగితాలు మొదటి చూపుకే మాట్లాడాలి. గుంటూరు అమ్మాయి ఉదాహరణలో ఏడు స్టడీ సర్టిఫికెట్లు, నిబంధన ప్రతి, ఇన్‌వార్డు స్టాంపుతో వినతి, తిరస్కరణ స్క్రీన్‌షాట్ ఉంటే న్యాయమూర్తి పది నిమిషాల్లో విషయం పట్టుకుంటారు. విద్యార్థికి 18 ఏళ్లు నిండకపోతే తండ్రి లేదా తల్లి సంరక్షకులుగా వేయాలి. మనకు సీటిస్తే ఫలానా అభ్యర్థికి పోతుందని ముందే తెలిస్తే, అతణ్ని కూడా ప్రతివాదిగా చేర్చాలి. చేర్చకపోవడం మీదే కేసు తిరగబడవచ్చు.

బలహీనతలు కూడా ఉన్నాయి. చాలా రిట్లు మీ వినతిని ఫలానా గడువులోగా పరిశీలించి కారణాలతో ఉత్తర్వివ్వండి అన్న ఆదేశంతో ముగుస్తాయి. సీట్లు మిగిలి ఉన్నప్పుడు అది గెలుపే, చివరి విడత అయిపోయాక వస్తే మాత్రం చేతిలో కాగితం మిగులుతుంది. రెండోది, సానుభూతి. అర్హత స్పష్టంగా లేని విద్యార్థిని మధ్యంతర ఉత్తర్వుతో చేర్చి, ఏడాది తర్వాత బయటికి పంపాల్సి రావడం ఎంత నష్టమో సుప్రీంకోర్టు పలుసార్లు హెచ్చరించింది; చట్టాన్ని పక్కన పెట్టి విద్యార్థులను కొనసాగించమని విశ్వవిద్యాలయాన్ని ఆదేశించలేమని 1986లో మన రాష్ట్రం నుంచి వెళ్లిన ఒక మెడికల్ కాలేజీ కేసులోనే చెప్పింది.

వ్యవధి విషయంలో 2019 డిసెంబరులో సుప్రీంకోర్టు ఆంధ్రప్రదేశ్ నుంచే వెళ్లిన ఎంబీబీఎస్ సీటు కేసులో ఇచ్చిన తీర్పును ప్రతి తల్లిదండ్రీ తెలుసుకోవాలి. ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం అక్కడ చెప్పిన షరతులు ఇవి: విద్యార్థి తప్పు ఏమీ ఉండకూడదు, తప్పు అధికారులది అయి ఉండాలి, విద్యార్థి ఆలస్యం లేకుండా కోర్టుకు వచ్చి ఉండాలి. ఈ మూడూ ఉన్న అరుదైన కేసుల్లో ఆ తీర్పు గడువు తేదీగా తీసుకున్న సెప్టెంబరు 30 తర్వాత కూడా ఒక నెల లోపు సీటు ఇవ్వమనవచ్చు, అవసరమైతే ఒకటి రెండు సీట్లు పెంచమనవచ్చు. అది కుదరకపోతే మరుసటి ఏడాది సీటు ఇవ్వమనవచ్చు. పరిహారం కూడా వేయవచ్చు. ఈ తీర్పు ఎంబీబీఎస్‌కే పరిమితం, పీజీకి వర్తించదని ఆ తీర్పులోనే ఉంది. మూడు షరతుల్లో మన చేతిలో ఉన్నది ఆలస్యం చేయకపోవడం ఒక్కటే. తిరస్కరణ వచ్చిన రోజు నుంచి పేపరు కటింగులు పోగేస్తూ, ఎమ్మెల్యే సిఫారసు ఉత్తరం కోసం తిరుగుతూ మూడు వారాలు గడిపినవాళ్లకు ఆ తీర్పు అండగా నిలవదు.

దీనికి పక్కనే మరో తీర్పు గుర్తుకొస్తుంది, ఎందుకంటే దాని వార్త పట్టుకుని చాలామంది వస్తారు. 2024లో ఉత్తరప్రదేశ్‌కు చెందిన ఒక దళిత విద్యార్థి 17,500 రూపాయల ఫీజు గడువులోగా కట్టలేక ఐఐటీ ధన్‌బాద్ సీటు పోగొట్టుకున్నాడు. ఎస్సీ కమిషన్‌ను అడిగాడు, ఝార్ఖండ్‌లో న్యాయ సేవల సంస్థను అడిగాడు, పరీక్ష నిర్వహించినది ఐఐటీ మద్రాసు కాబట్టి మద్రాసు హైకోర్టుకు వెళ్లాడు, చివరికి సుప్రీంకోర్టు సెప్టెంబరు 30న సీటిమ్మని ఆదేశించింది. అది సంపూర్ణ న్యాయం కోసం ప్రత్యేక ఉత్తర్వులిచ్చే వీలు కల్పించే రాజ్యాంగంలోని 142వ అధికరణ కింద ఇచ్చిన ఉత్తర్వు. ఆ అధికారం సుప్రీంకోర్టుకే ఉంది, హైకోర్టుకు లేదు. ఆ విద్యార్థి ఎక్కిన గడపల లెక్క చూస్తే, ఏ గడపకు ఏ అధికారం ఉందో ముందే తెలుసుకోవడం ఎంత అవసరమో అర్థమవుతుంది.

అర్హత లేదన్న సంగతి చేరిన తర్వాత, అంటే రెండేళ్లు చదివాక బయటపడితే పరిస్థితి మరొకటి. విద్యార్థి ఏదీ దాచకుండా మార్కుల జాబితా ఇచ్చి, విశ్వవిద్యాలయమే చూసి చేర్చుకుని, పరీక్షలు రాయనిచ్చి, చివర్లో అర్హత లేదంటే కుదరదని 1990లో బరంపురం విశ్వవిద్యాలయం మీద వెళ్లిన లా విద్యార్థి కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. అలాంటి నోటీసు వచ్చినవాళ్లకు రిట్ కంటే మంచి దారి లేదు, అది బలమైనది కూడా. తప్పుడు కుల పత్రంతో చేరినవాళ్లకు మాత్రం ఈ రక్షణ వర్తించదు. అక్కడ సుప్రీంకోర్టు వైఖరి కఠినం.

చిన్న మార్గాలు, వాటి హద్దులు

2023లో విశ్వవిద్యాలయ నిధుల సంఘం (యూజీసీ) తెచ్చిన నిబంధనల ప్రకారం ప్రతి కళాశాలలోనూ విద్యార్థుల ఫిర్యాదుల కమిటీ, విశ్వవిద్యాలయానికి ఫిర్యాదులపై అప్పీళ్లు వినే ఒక అంబుడ్స్‌పర్సన్ ఉండాలి. చేరాలనుకునే విద్యార్థి కూడా ఫిర్యాదు చేయవచ్చు. కమిటీకి 15 పనిదినాలు, దాని మీద అంబుడ్స్‌పర్సన్‌కు అప్పీలు, ఆయనకు మరో 30 రోజులు. కళాశాల తానే చేసిన అన్యాయానికి ఇది మంచిది: మెరిట్ తప్పించి బి-కేటగిరీ (యాజమాన్య కోటా) సీటు ఇచ్చారు, ఒరిజినల్ సర్టిఫికెట్లు పట్టుకున్నారు, ఫీజు తిరిగి ఇవ్వడం లేదు వంటివి. కన్వీనరు తేల్చిన అర్హతను మార్చే అధికారం కళాశాల కమిటీకి లేదు కాబట్టి, అక్కడికి వెళ్లి నెలన్నర పోగొట్టుకోవడం తెలివి కాదు.

సమాచార హక్కు దరఖాస్తు 10 రూపాయల పని, కానీ జవాబుకు 30 రోజులు. సీటు కోసం కాదు, సాక్ష్యం కోసం వేయాలి: మనకంటే తక్కువ ర్యాంకువాళ్లకు ఏ కోటాలో సీటు వచ్చింది, మన దరఖాస్తు మీద ఫైల్లో ఏమి రాశారు అన్నవి రాబట్టడానికి. కేసు నడుస్తుండగా వేసినా ఫర్వాలేదు, ఒక్కోసారి మేలే.

వినియోగదారుల కమిషన్ జోలికి అర్హత తగాదాతో వెళ్లొద్దు. విద్యార్థి వినియోగదారు కాడని, పరీక్షలు నిర్వహించే సంస్థ సేవలు అమ్మేది కాదని సుప్రీంకోర్టు 2009, 2010 తీర్పుల్లో చెప్పి ఉంది. సీటు ఇప్పించే అధికారం ఆ కమిషన్‌కు లేదు. ఎస్సీ కమిషన్ వంటివి విచారణ చేయగలవు, అధికారులను పిలిపించగలవు, కానీ కోర్టులా నిలుపుదల ఉత్తర్వులు ఇవ్వలేవని 1996లోనే సుప్రీంకోర్టు తేల్చింది. వివక్ష ఉందనిపిస్తే అక్కడ ఫిర్యాదు చేయండి, రిట్‌కు తోడుగా చేయండి, బదులుగా మాత్రం కాదు. ప్రభుత్వం మీద సివిల్ దావా అంటే మామూలుగా రెండు నెలల ముందస్తు నోటీసు. దాని గురించి ఇంతకు మించి చెప్పనక్కరలేదు.

న్యాయ సేవాధికార సంస్థ అన్నది ఒక మార్గం అనడం కంటే, డబ్బు లేదన్న కారణంతో పై మార్గాలు మూసుకుపోకుండా ఉంచే తలుపు అనాలి. 1987 చట్టం ప్రకారం ఎస్సీ, ఎస్టీలకు, స్త్రీలకు, పిల్లలకు, వికలాంగులకు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచిత న్యాయవాది దొరుకుతారు. అంటే సీటు పోయిన ప్రతి ఆడపిల్లా అర్హురాలే. ఈ ఒక్క సంగతి తెలియక బంగారం తాకట్టు పెట్టినవాళ్లను చూశాను. విజయవాడ, గుంటూరు కోర్టు ఆవరణల్లో సంస్థ కార్యాలయాలు ఉన్నాయి. 15100కి ఫోన్ చేసినా చెబుతారు.

వ్యవధిని బట్టి ఎంపిక

నన్నడిగితే మార్గాన్ని తేల్చేది కౌన్సెలింగులో ఇంకా ఎన్ని విడతలు మిగిలాయన్నదే. మొదటి విడతలో తిరస్కరణ వస్తే, హెల్ప్‌లైన్ సెంటరు, కన్వీనరు వినతి ముగించి మూడు నాలుగు రోజులు చూడవచ్చు. ఆ మూడు రోజుల్లోనే న్యాయవాదికి కాగితాలు చూపించి అఫిడవిట్ ముసాయిదా సిద్ధం చేయించి పెట్టుకోవాలి. చివరి విడతకు ముందు రోజు తిరస్కరణ తెలిస్తే, ఉదయం వినతి, మధ్యాహ్నానికి న్యాయవాది, మర్నాడు లంచ్ మోషన్. దసరా సెలవులు మెడికల్ కౌన్సెలింగుతో కలిసి వస్తాయి కాబట్టి, కోర్టు ఏ రోజుల్లో కూర్చుంటుందో ముందే కనుక్కోవాలి. అన్ని విడతలూ ముగిశాక తెలిస్తే, ఇంజినీరింగ్ అయితే స్పాట్ అడ్మిషనో, మరో కాలేజీలో మామూలు సీటో తీసుకోవడమే మంచిదని నా అభిప్రాయం. ఎంబీబీఎస్ అయితే 2019 తీర్పు షరతులకు మన కేసు సరిపోతుందో లేదో న్యాయవాదితో నిజాయితీగా తేల్చుకోవాలి.

కోర్టులో ఉన్నాం కదా అని చేతికొచ్చిన వేరే సీటును వదిలేసుకోవడం నేను ఎవరికీ సలహా ఇవ్వను. వచ్చిన సీటులో చేరి, నా లోకల్ హోదాపై అభ్యంతరం కొనసాగుతోంది, ఈ చేరిక దానికి లోబడి ఉంటుంది అని ఒక ఉత్తరం ఇన్‌వార్డులో ఇస్తే, చేరావు కాబట్టి ఒప్పుకున్నావన్న వాదనకు జవాబు ఉంటుంది. 2018 నాటి యూజీసీ ఆదేశాల ప్రకారం కళాశాల ఒరిజినల్ సర్టిఫికెట్లను సరిచూసి తిరిగి ఇచ్చేయాలి, తన దగ్గర ఉంచుకోకూడదు. గడువులోగా వదులుకుంటే ఫీజు కూడా నిర్ణీత మేరకు వెనక్కి రావాలి. రేపు కోర్టు వేరే సీటిచ్చినా కదలడానికి ఈ రెండూ అవసరం కాబట్టి, చేరిన రోజే ఒరిజినల్స్ అడిగి తీసుకోండి, ఇవ్వకపోతే ఇవ్వలేదని రాసి పెట్టండి.

లాంగ్‌టర్మ్‌కు కూర్చుని వచ్చే ఏడు మళ్లీ నీట్ రాద్దాం అనుకునేవాళ్లు సాధారణంగా కేసు మాట మరిచిపోతారు. ఈ ఏటి తిరస్కరణ అధికారుల తప్పే అయితే, వచ్చే ఏటి సీటును కోర్టు ఇప్పించే అవకాశం కూడా ఈ ఏడే ఆలస్యం లేకుండా కోర్టుకు వెళ్లినవాళ్లకే ఉంటుంది. కాబట్టి కోచింగ్ సెంటరులో చేర్చిన వారంలోనే రిట్ కూడా దాఖలై ఉండాలి. నెలలు గడిచి, మళ్లీ రాసిన పరీక్షలో ర్యాంకు తగ్గాక పాత ఫోల్డరు దుమ్ము దులుపుకుని వచ్చే తండ్రికి ఏ న్యాయవాదీ పెద్దగా చేయగలిగింది ఉండదు.